అందరికీ అన్నయ్య

కష్టపడేవాడికి కూడు కరువుండదని అన్నయ్య తరచూ అంటుండేవాడు. గల్లాపెట్టె వెనక మెత్త వేసిన కుర్చీలో, ఏసీ గాలి ఒంటికి తగిలేలా కాస్త పక్కకి ఒరిగి మరీ అనేవాడు. ఆ రెండంతస్తుల సరుకుల దుకాణం మామగారు పెట్టి ఇచ్చింది. కష్టం మాత్రం పూర్తిగా తనదే. పొద్దున్నే వచ్చి తాళాలు తీయించేవాడు, పొద్దుపోయాక వేయించేవాడు.

అతనికి ఒక్కగానొక్క చెల్లెలు. ఊరికి ఆ చివర, చొక్కాలు కుట్టే కంపెనీలో ఇస్త్రీ పని చేసేది. ఆమె మొగుడు గోడలకి రంగులు వేసేవాడు. ఒకనాడు మూడో అంతస్తు ఎత్తులో పరంజా కర్ర జారి కిందపడ్డాడు. ప్రాణం దక్కింది గానీ తుంటి ఎముక విరిగింది. పని ఇచ్చిన మేస్త్రీ ఒకసారి చూడ్డానికొచ్చి, నాలుగు అరటిపళ్ళు మంచం మీద పెట్టి, ఎత్తులో పనిచేసేటప్పుడు ఒళ్ళు దగ్గర పెట్టుకోవాలి కదా అని మందలించి వెళ్ళాడు. మళ్ళీ రాలేదు. ఆ నెలలోనే కంపెనీలో చొక్కాలకి గిరాకీ తగ్గిందని చెల్లెలికి ఒంటిపూట పని చేశారు.

ఇంట్లో తిండి తగ్గేకొద్దీ అబద్ధాలు పెరుగుతాయి. కంపెనీలో ఎవరో టిఫిన్ పెట్టారని చెల్లెలు చెప్పేది. పడుకున్నవాడికి ఆకలేమిటని మొగుడు అనేవాడు. పదేళ్ళ కూతురు బడి నుంచి నేరుగా స్నేహితురాలి ఇంటికి వెళ్ళి, వాళ్ళు కంచాలు పెట్టేదాకా లెక్కలు అర్థం కానట్టు నటించేది. అబద్ధం ఆడంది అత్తగారొక్కతే. ఆకలేస్తోందని ఉన్నమాట అనేది. అందుకని ఇంట్లో అందరికీ ఆమె మీదే కోపం వచ్చేది.

చివరికి చెల్లెలు సిగ్గు చంపుకుని అన్నయ్య ఇంటికి వెళ్ళింది. వదిన టీ ఇచ్చింది, పక్కన కూర్చుని సలహాలూ ఇచ్చింది. నూనె చెంచాతో కొలిచి వాడాలట. పిల్లకి చిరుతిళ్ళు అలవాటు చెయ్యకూడదట. మంచం మీద ఉన్న మనిషి ఊరికే పైకప్పు చూసే బదులు చేతులతో చేసే పనేదైనా చూసుకోవచ్చట. అన్నయ్య లోపలి నుంచి వచ్చి, చెల్లెలు చిక్కిపోయిందని ఎంతో బాధపడ్డాడు. వెళ్ళేటప్పుడు వట్టి చేతులతో పంపకూడదని దుకాణం పేరు అచ్చేసిన కొత్త క్యాలెండర్ చుట్ట చుట్టి ఇచ్చాడు. అందులో నెలకో తిండి బొమ్మ ఉంది. ఆ నెలకి కేకు.

సరుకుల గది సంగతి చెప్పింది పక్కవాటా పిన్ని. ఒకప్పుడు బస్సులో టిక్కెట్లు కొట్టిన మనిషి కనుక ఆమెని అందరూ కండక్టర్ పిన్ని అనేవారు. దాతలు ఇచ్చిన సరుకుల్ని వారానికోసారి ఇబ్బందుల్లో ఉన్నవాళ్ళకి అక్కడ ఊరికే పంచుతారని, సంచీ తెచ్చుకోవాలని, నోరు మాత్రం ఇంట్లో పెట్టి రావాలని చెప్పింది.

పాత గిడ్డంగిలో ముందు భాగం అది. గోడ వెంబడి ఇనుప అరలు, వాటి ముందు పొడుగాటి బల్ల, బల్ల వెనక మేడమ్. ఆవిడ రిటైరైన హెడ్మిస్ట్రెస్. బడి పోయినా బెత్తం అలవాటు పోలేదు. సంచీలు తెరిచే ముందు పొదుపుగా బతకడం ఎలాగో అరగంట పాఠం చెప్పేది. ఒక్క ఉల్లిపాయని రెండు పూటలకి సర్దేవాళ్ళంతా బుద్ధిగా తలలూపేవారు. మరీ శుభ్రమైన చీర కట్టుకొస్తే, నీకు నిజంగానే లేదా అని నిలదీసేది. మాసిన చీరతో వస్తే, పేదరికానికీ మురికికీ సంబంధం లేదని గదిమేది. ఏ చీర కట్టుకుంటే ఈవిడ కంటికి ఆనుతామో ఎవరికీ తెలిసేది కాదు.

మొదటి రోజు చెల్లెలి సంచీలో బియ్యం, పప్పు, పిండి, సొట్టలు పడ్డ రెండు చిక్కుడుగింజల డబ్బాలు, నలిగిన బిస్కెట్ల పొట్లం పడ్డాయి. డబ్బాల మీదా పొట్లం మీదా పసుపుపచ్చ కాగితం అంటించి ఉంది. సగం ధరకే అని. అది అన్నయ్య దుకాణం గుర్తు. గడువు దగ్గరపడ్డవాటికి దాన్ని అంటిస్తారు. సగం ధరకీ ఎవరూ ముట్టుకోనివి ఇక్కడికి వస్తాయన్నమాట. తల ఎత్తి చూస్తే గోడ మీద మహాదాతల ఫోటోలు, వాటిలో అన్నయ్య మొదటివాడు. ఫోటోలో చేతులు జోడించి ఉన్నాడు. చెల్లెలికి నవ్వొచ్చింది, వెనకే ఏడుపూ వచ్చింది. రెండూ మింగి ఇంటికెళ్ళింది.

ముష్టి తిండి తన గొంతు దిగదని అత్తగారు ప్రకటించింది. దిగింది. రెండోసారి వడ్డించినప్పుడు ఇంకా తేలిగ్గా దిగింది. మొగుడు గోడవైపు తిరిగి తిన్నాడు. కూతురు ఆ రోజు స్నేహితురాలి ఇంటికి వెళ్ళలేదు, లెక్కలన్నీ తనే చేసుకుంది.

కొన్ని వారాలు అలా గడిచాక సరుకుల గదికి వార్షికోత్సవం వచ్చిపడింది. ముఖ్య అతిథి అన్నయ్య. అతని చేతుల మీదుగా సంచీ అందుకోవడానికి మేడమ్ వరుసంతా కలయచూసి చెల్లెలి దగ్గర ఆగింది. నీ ముఖంలో దీనత్వం ఉంది, మురికి లేదు, ఫోటోకి నువ్వైతే బాగుంటావని చెప్పింది. నన్ను వదిలెయ్యండి మేడమ్ అని చెల్లెలు బతిమాలింది. సాయం పొందేవాళ్ళు కాస్త సహకరించాలని, సహకరించనివాళ్ళ సంగతి కమిటీ ఆలోచించాల్సి వస్తుందని మేడమ్ ఎంతో మర్యాదగా చెప్పింది.

ముందే తెలియకపోతే అన్నయ్య నలుగురిలో ఇబ్బంది పడతాడని చెల్లెలే ఫోన్ చేసింది. నువ్వెందుకు వెళ్తున్నావక్కడికి అని గానీ, తిన్నారా అని గానీ అతను అడగలేదు.

"ఎవరికైనా చెప్పావా నా చెల్లెలివని?" అన్నాడు.

"లేదన్నయ్యా."

"అయితే ఇబ్బంది లేదు. ఆ కాసేపు మనం ఒకళ్ళనొకళ్ళం ఎరగనట్టుందాం. కొంగు కాస్త ముందుకి లాక్కో. నీకూ మర్యాదే, నాకూ మర్యాదే."

సరేనంది. సరే అనక ఏం చేస్తుంది? వచ్చే వారం సంచీ కావాలి.

ఆ రోజు గిడ్డంగికి రంగు కాగితాలు కట్టారు. దాతలకి కుర్చీలు వేశారు. తీసుకునేవాళ్ళు నిలబడ్డారు, వాళ్ళకి అలవాటే కదా. వదిన ముందు వరుసలో కూర్చుని, ఆడపడుచుని అద్దంలోంచి చూసినట్టు చూసి, అవతలికి చూపు తిప్పుకుంది. అన్నయ్య మైకు అందుకున్నాడు. ఆకలి గురించి మాట్లాడాడు. ఆకలి మీద అంత సుఖంగా మాట్లాడాలంటే కడుపు బాగా నిండి ఉండాలి. కష్టపడేవాడికి కూడు కరువుండదని కూడా అన్నాడు, తిండి లేక వచ్చినవాళ్ళ మొహం మీదే. ఆ తర్వాత గొంతు వణికించి, తమ చిన్నతనంలో ఇంట్లో చాలేది కాదని, అమ్మ తన కంచంలోంచి ముద్దలు తీసి కొడుక్కి పెట్టేదని, ఆ ముద్దే ఈ రోజు తనని దాతని చేసిందని చెప్పాడు. వదిన రుమాలుతో కళ్ళు ఒత్తుకుంది.

చెల్లెలికి ఆ కంచం గుర్తుంది. అది అమ్మ కంచం కాదు. మగపిల్లాడు ఎదగాలని అమ్మ ముద్దలు తీసింది చెల్లెలి కంచంలోంచి. ఇన్నేళ్ళూ ఆమె దాన్ని తప్పుగా అనుకోలేదు. అన్నయ్య మర్చిపోయాడనుకుంది. మర్చిపోలేదు, కంచం మార్చేశాడు.

పేరు పిలవగానే చెల్లెలు వేదిక ఎక్కింది. అన్నయ్య ఎవరో పరాయి మనిషికి ఇచ్చినట్టు సంచీ చాచాడు. ఇద్దరూ చెరో వైపు పట్టుకుని ఫోటోగ్రాఫరు సరే అనేదాకా నిలబడాలి. ఫోటోగ్రాఫరు ఒక పట్టాన సరే అనడు. ఈలోగా మేడమ్ సభని కదిలించాలని మైకు తెచ్చి చెల్లెలి నోటి దగ్గర పెట్టింది.

"చూడమ్మా, అయినవాళ్ళెవరూ లేరా నీకు?"

లేరంటే అయిపోయేది. అన్నయ్య కెమెరాకేసి చూస్తూ నవ్వు బిగబట్టి ఉన్నాడు.

"ఉన్నారండీ. అన్నయ్య ఉన్నాడు."

"మరి ఆయన చూసుకోడా?"

"చూసుకుంటాడండీ. ఇదిగో, ఈ సంచీ ఆయనిచ్చిందే. ఈయనే మా అన్నయ్య."

నిలబడ్డవాళ్ళలో కండక్టర్ పిన్ని కిసుక్కుమంది. వదిన రుమాలు ఒళ్ళోకి జారింది. అన్నయ్య ముఖం పాలిపోయింది, అయితే ఎంతోసేపు కాదు. దుకాణం నడిపేవాడికి పాడైన సరుకుని ఎలా అమ్ముకోవాలో తెలియకపోతే ఎలా? మైకు తనవైపు లాక్కున్నాడు.

"విన్నారా అండీ ఈ తల్లి మాట! నిజమే చెప్పింది. ఈమెకే కాదు, ఈ వరుసలో నిలబడ్డ ఆడపడుచులందరికీ నేను అన్నయ్యనే!"

చప్పట్లు మోగిపోయాయి. కుర్చీల్లోవాళ్ళు లేచి నిలబడి మరీ కొట్టారు. మేడమ్ కళ్ళు తుడుచుకుంది. ఫోటోగ్రాఫరు సరే అన్నాడు. ఉన్నమాట అందరూ విన్నారు, ఎవరికీ వినపడలేదు. చెల్లెలు సంచీ పట్టుకుని మెట్లు దిగింది. చెప్పకుండా ఉన్నా బాగుండేదనిపించింది.

మర్నాడు పేపర్లో ఆ ఫోటో పడింది. కింద 'అందరికీ అన్నయ్య' అని రాశారు. వదిన ఫోన్ చేసి, మొదట తన గుండె ఆగిపోయినంత పనైందని, ఆనక అంతా మంచికే అయిందని, దుకాణంలో ఆ రోజు బేరాలు ఎన్నడూ లేనంత బాగున్నాయని సంబరంగా చెప్పింది.

పేపరు చదవడం కండక్టర్ పిన్నికీ వచ్చు. వరుసలో నిలబడే ఆడవాళ్ళని పోగేసింది. మనకింత పెద్ద అన్నయ్య ఉండగా మేడమ్ పాఠాలు వినే కర్మ ఏమిటంది. బేరాలు జోరుగా ఉండే సాయంత్రం వేళ చూసి, అందరూ కలిసి సంచీలతో దుకాణానికి వెళ్ళారు. చెల్లెలు వెళ్ళలేదు. పిన్ని తర్వాత చెప్పిందాన్ని బట్టి, వాళ్ళు గొడవేమీ చెయ్యలేదు. గల్లాపెట్టె ముందు వరుసగా నిలబడి, ఒక్కొక్కరూ నెమ్మదిగా, అన్నయ్యా నీ మేనకోడలికి పాలపొడి, అన్నయ్యా మీ బావగారికి గోధుమపిండి అని అడిగారు. కొనడానికొచ్చినవాళ్ళు ముచ్చటపడి చూస్తున్నారు. ఆ పేపరునే పెద్దది చేసి దుకాణం అద్దానికి అంటించింది వదినే. కాదనడానికి లేదు. అన్నయ్య నవ్వుతూ ఇచ్చాడు. పసుపు కాగితాల సరుకు తెమ్మని పనివాళ్ళకి చెప్పబోతే, పిన్ని కొత్తవి ఇప్పించమని, తోబుట్టువులకి పాతవి పెడితే లోకం ఏమనుకుంటుందని అంది. మళ్ళీ వారమూ వెళ్ళారు. మూడోసారి వెళ్ళేసరికి అన్నయ్య దుకాణం వెనక తలుపు గుండా తప్పించుకున్నాడని, అంత ఒళ్ళున్న మనిషి అంత చురుగ్గా దూరతాడని తను అనుకోలేదని పిన్ని చెప్పింది.

ఆ మర్నాడు మధ్యాహ్నమే అన్నయ్య చెల్లెలి ఇంటికి వచ్చాడు. పెళ్ళయ్యాక ఆ గడప తొక్కడం అదే మొదలు. కారు రెండు వీధుల అవతల ఆపాడట. ఆమె మొగుడు లేవబోయి లేవలేక, రండి బావగారూ అన్నాడు. అన్నయ్య కూర్చోలేదు.

"వాళ్ళని ఆపు. నీకేం కావాలో అడుగు, నేను పంపిస్తాను. వారానికోసారి నా పరువు బజారుకీడుస్తున్నారు."

"నేను పంపలేదన్నయ్యా వాళ్ళని. పేపర్లో నువ్వే పిలిచావు."

"అది మాటవరసకి అన్నాను."

"వాళ్ళు ఆకలికి వచ్చారు."

చెల్లెలు అప్పుడే వంట ముగించింది. పీట వాల్చి, కంచం పెట్టి, అన్నం వడ్డించి, పైన పప్పు పోసి తినమంది. ఎత్తిపొడవడానికి కాదు. ఇంటికొచ్చిన అన్నకి పెట్టకుండా పంపడం ఆమెకి చేతకాదు. అన్నయ్య కంచంకేసి చూశాడు.

"ఎక్కడివి ఇవి?"

"సరుకుల గదివి."

ఇప్పుడే తిని వచ్చానన్నాడు. మంచినీళ్ళు కూడా వద్దన్నాడు. చెప్పులు తొడుక్కుని, వీధిలో ఎవరైనా చూస్తున్నారేమోనని అటూ ఇటూ చూసి, గబగబా నడిచి వెళ్ళిపోయాడు. నీకేం కావాలో పంపిస్తానన్నవాడు చెల్లెలు అడిగేదాకా ఆగలేదు, ఆ తర్వాత పంపనూ లేదు. వడ్డించిన కంచం ఎంగిలి కాలేదు కదా అని అత్తగారు ముందుకి లాక్కుంది.

ఆ నెల నుంచి సరుకుల గదికి అన్నయ్య డబ్బాలు రావడం ఆగిపోయింది. నోరు జారడం వల్ల పదిమంది నోటి కాడి కూడు పోయిందని మేడమ్ చెల్లెల్ని అందరి ముందూ దులిపేసింది. వరుసలో కొందరు అవునన్నారు. ఆ వారం సంచీలు పల్చగా ఉన్న మాట నిజం, వాళ్ళ కోపం కూడా నిజమే. చెల్లెలు తన పల్చటి సంచీ తీసుకుని ఇంటికెళ్ళింది. కొన్నాళ్ళకి ఒక రైసుమిల్లువాళ్ళు నూకలు పంపడం మొదలుపెట్టారు. మొగుడు కర్ర పట్టుకుని లేచి, అందినంత ఎత్తు గోడలకే రంగు వేస్తానని పని వెతుక్కుంటున్నాడు. కంపెనీ మాత్రం ఇంకా ఒంటిపూటే.

ఒక వారం వరుసలో నిలబడ్డప్పుడు కండక్టర్ పిన్ని బిస్కెట్లు చుట్టొచ్చిన పేపరు ముక్క విప్పి చూపించింది. అందులో అన్నయ్య, వదిన. ఊరవతల వీధికుక్కల్ని సాకే షెడ్డులో, ఒక గోధుమరంగు కుక్క ముందు బిస్కెట్ల పళ్ళెం పట్టుకుని నవ్వుతున్నారు.

"తెలివైనవాడే మీ అన్నయ్య," అంది పిన్ని. "వాటి మూతి ముందు ఎవరూ మైకు పెట్టరుగా."

చెల్లెలు ఆ ఫోటోని కాసేపు చూసింది. కుక్క బిస్కెట్లకేసి చూస్తోంది, అన్నయ్య కెమెరాకేసి చూస్తున్నాడు. కాగితం మడిచి పిన్నికి ఇచ్చేసి, వరుస కదలడంతో సంచీ సర్దుకుని ముందుకి జరిగింది.