చెప్పులు వెతుక్కునే చోటు

"టీలో పంచదార కాస్త తగ్గించు, ఆ అమ్మాయి తక్కువ తాగుతుంది" అని ముందుగదిలోంచి కేకేశాడు ఆయన.

ఆమె చేతిలో చెంచా ఆగింది. పెళ్ళయిన దగ్గర్నుంచీ తను అసలు పంచదారే వేసుకోదు. ఆ సంగతి తెలుసా అని ఈ ఇంట్లో ఎవరినైనా అడిగితే ఒకరి మొహాలు ఒకరు చూసుకుంటారు. పరాయిపిల్ల నాలుక రుచి మాత్రం నాలుగు రోజుల్లో ఆయనకి కంఠతా వచ్చేసింది. పంచదార తగ్గించలేదు సరికదా, ఇంకో చెంచాడు ఎక్కువే వేసింది. వేసి, సిగ్గుపడి, ఆ కప్పు ఆయనవైపు ఉండేలా ట్రేలో తిప్పి పెట్టింది.

కంపెనీకి పాతికేళ్ళు నిండుతున్నాయి. సొంతంగా సినిమాలు తీసి, సొంతంగానే హాళ్ళకి పంపుకునే కంపెనీ అది. పెద్ద స్టూడియోల గుమ్మం తొక్కకుండా ఇన్నాళ్ళు బతికి బట్టకట్టడం మాటలు కాదు కనక దాని చరిత్ర పుస్తకంగా వేద్దామనుకున్నారు. రాయడానికి ఈ పిల్లని కుదిర్చారు. ఆమె మనసులో ఆ పిల్లకి 'చరిత్ర' అని పేరు పెట్టుకుంది. కంపెనీ ఇప్పుడు రెండు వీధుల అవతల మూడంతస్తుల్లో ఉన్నా, పుట్టింది ఈ ఇంటి ముందుగదిలో. ఈ గోడల మధ్య కూర్చుంటేనే అన్నీ గుర్తొస్తాయంటూ ఆయన కబుర్లన్నీ ఇక్కడే పెట్టాడు. బల్లమీద అగ్గిపెట్టెంత రికార్డరు, దానికి అటు ఆయన, ఇటు చరిత్ర, మధ్యలో టీలు మోస్తూ ఈవిడ.

చరిత్ర వచ్చే రోజుల్లో ఆయన ఇస్త్రీచొక్కా వేసుకుంటున్నాడు. అదీ పెద్ద విషయం కాదు, ఆ ఇస్త్రీ చేసేది తనే అన్నది వేరే సంగతి. ఆమెకి భరించరానిది ఆయన గొంతు. తనతో ఆ గొంతు ఏళ్ళ తరబడి రెండు మూడు మాటలే పలుకుతోంది. తాళాలేవి, ఫోనొచ్చిందా, అమ్మ మందు వేసుకుందా. అదే గొంతు ఆ పిల్ల ముందు ఆగుతుంది, వెనక్కి వెళ్తుంది, "ఉండు, అంతకుముందు ఇంకోటి జరిగింది" అంటుంది, తనలో తను నవ్వుకుంటుంది. ఆ పిల్ల గడ్డం కింద చెయ్యి పెట్టుకుని వింటుంది. కళ్ళార్పదు. అలా ఎవరైనా తన మాట విని ఎంతకాలమైందో ఆమె గుర్తు చేసుకోబోయి, అనవసరంగా ఎందుకు బాధ అని మానేసింది. కడుపులో మంట మాత్రం మానలేదు. దానికి మర్యాదైన పేరు వెతకలేదామె. అసూయ. పచ్చి అసూయ. ఈ వయసులో, కూతురీడు పిల్లని చూసి.

పోనీ తిట్టుకుందామంటే ఆ పిల్లలో వంక దొరకదు. గోళ్ళు కొరుక్కుంటుంది, అంతే. తాగిన కప్పు తనే తెచ్చి, కడిగి బోర్లించి, "థాంక్యూ మేడమ్, టీ చాలా బావుంది" అని వెళ్తుంది. మంచివాళ్ళని చూసి కుళ్ళుకోవడమంత దిక్కుమాలిన పని ఇంకోటి లేదు. చెడ్డవాళ్ళయితే కనీసం పొరుగావిడతోనైనా చెప్పుకోవచ్చు.

ఆ రోజు ట్రేతో గుమ్మం దాకా వచ్చేసరికి ఆయన తొలినాళ్ళ గురించి చెబుతున్నాడు. "మాకో సెక్రటరీ ఉండేది. ఏం గొంతు! హాలు యజమానులు ఆవిడ గొంతు వినడానికే ఫోన్ చేసేవాళ్ళు. సగం హాళ్ళు ఆవిడ మాట మీదే వచ్చాయి మాకు."

ఆవిడ ఇప్పుడెక్కడున్నారు, కలిసి మాట్లాడొచ్చా అని చరిత్ర ముందుకి వంగింది.

"ఎక్కడో ఉండే ఉంటుంది. పెళ్ళి చేసుకుని వెళ్ళిపోయింది" అన్నాడాయన.

ఆమె ట్రే తెచ్చి బల్లమీద పెట్టింది. ఆ సెక్రటరీ తనే. పిల్లని చంకనేసుకుని, పొయ్యి మీద అన్నం మాడుతుంటే, ముక్కు కాస్త నొక్కిపెట్టి, "కంపెనీ ఆఫీసు నుంచి మాట్లాడుతున్నామండీ, సార్ మీటింగులో ఉన్నారు" అనేది. అప్పుడు సార్ పెరట్లో బనీను ఉతుక్కుంటూ ఉండేవాడు. సెక్రటరీ ఉంటే కంపెనీకి పరువు ఉంటుందని ఇద్దరూ కలిసి ఆడిన అబద్ధం అది. ఆడి ఆడి ఆయనే నమ్మేశాడా, లేక ఇప్పుడు నిజం చెబితే పరువు తక్కువనుకున్నాడా? కళ్ళల్లోకి చూసింది. ఆయన కళ్ళల్లో ఏ కల్మషమూ లేదు. టీ అందుకుని, "చల్లారిపోయిందే" అన్నాడు. లేని మనిషి మీద, తన గొంతే ఉన్న మనిషి మీద, ఆమెకి ఆ పూటంతా ఒళ్ళు మండుతూనే ఉంది. ఆవిడకైతే పుస్తకంలో అరపేజీ వస్తుంది.

తను చేసినవి ఒకటా రెండా? మొదటి సినిమా కొనేవాడు లేక, రీళ్ళ డబ్బాలు ఇంటికే తెచ్చుకున్నారు. వేడి తగిలితే ఫిల్ము పాడవుతుందని ఇంట్లో ఉన్న ఒక్క చల్లటి గదీ వాటికిచ్చి, కూతుర్ని వంటింట్లో పడుకోబెట్టుకుంది. చివరికి ఊరి అంచున చిన్న హాలు అద్దెకి తీసుకుని తామే ఆడించారు. జనం వచ్చారు, రెండో సగంలో వెళ్ళిపోయారు. ఎందుకు వెళ్ళిపోతున్నారో ఆయనకి అర్థం కాలేదు. ఆయన తెర చూస్తున్నాడు మరి. తెర మీద అన్నీ బాగానే ఉన్నాయి.

మర్నాడు ఆమె తెర పక్క తలుపు దగ్గర, తెరకి వీపు పెట్టి నిలబడింది. సినిమా వెలుగులో జనాన్ని చూసింది. మొహాలు అబద్ధం చెబుతాయని ఆమెకి తొందరగానే తెలిసింది. టిక్కెట్టు కొన్నవాడు బావుందని తనకి తనే నచ్చజెప్పుకుంటాడు. కాళ్ళు అబద్ధం చెప్పవు. హాల్లో కూర్చోగానే అందరూ చెప్పులు విడిచేస్తారు. కథ పట్టు సడలిందో, మనిషికి తెలియకుండానే పాదం కుర్చీ కింద చెప్పుల కోసం తడుముకుంటుంది. ముందు ఒకటి, తర్వాత వరసంతా. ఇంటికొచ్చి ఆయనతో చెప్పింది, ఫలానా మాట దగ్గర కాళ్ళు చెప్పులు వెతుక్కున్నాయని. ఆయన నవ్వాడు. నవ్వి, మరో దారి లేక, అక్కడ కోశాడు. ఆ సినిమా వారాల తరబడి హాలు మారకుండా ఆడింది.

అప్పట్నుంచీ ఏ సినిమా అయినా ఆ పరీక్ష దాటాకే బయటికి వెళ్తుంది. కంపెనీ సినిమాల్లో ఒక్క నిమిషం వృథా ఉండదని పేరొచ్చింది ఆ తలుపు దగ్గరే. "ఇంటి కోడలివై ఉండి హాలు గుమ్మంలో నిలబడతావా, టిక్కెట్లు చింపేదానిలాగా" అని అత్తగారు ఆ రోజుల్లో అన్నం సయించక సణిగేది. ఇప్పుడు అదే అత్తగారు చరిత్ర వచ్చినప్పుడల్లా పక్కన చేరి, మావాడి బుర్ర చిన్నప్పట్నుంచీ అంతే, మనుషుల కాళ్ళు చూసి మనసు చెప్పేస్తాడు అంటోంది. ఆయనా కాదనడం లేదు. "నా పద్ధతి" అంటున్నాడు.

అంతవరకూ ఆమె ఓర్చుకుంది. ఓర్చుకోలేనిది భోజనాల దగ్గర వినాల్సొచ్చింది. కొత్త సినిమా పరీక్షకి ఈసారి తను రానక్కర్లేదట. "మోకాళ్ళ నొప్పులతో నువ్వెందుకు శ్రమపడటం? ఆ అమ్మాయికి పద్ధతి దగ్గరుండి చూడాలని ఉంది. తలుపు దగ్గర తను నిలబడుతుందిలే" అన్నాడు, ఇంకాస్త పప్పు వడ్డించుకుంటూ. మోకాళ్ళ నొప్పులు ఆమెకి మూడేళ్ళుగా ఉన్నాయి. బట్టలు ఉతికేటప్పుడు ఎవరికీ గుర్తు రాలేదు. ఆయన ఆ పిల్లని సినిమాకో షికారుకో తీసుకెళ్ళినా ఇంత కోపం వచ్చేది కాదేమో. ఆ తలుపు తనది. ఈ ప్రపంచంలో తనదని చెప్పుకోదగ్గ జాగా ఆ రెండడుగులే.

అందుకే మధ్యాహ్నం ఆట వేళకి, అత్తగారికి మందులిచ్చి, పొరుగావిడకి తాళాలిచ్చి, పిలవని పేరంటానికి వెళ్ళినట్టు హాలుకి వెళ్ళింది. గేటు దగ్గర మనిషి ఆశ్చర్యపోయి దణ్ణం పెట్టాడు. వీధిలోంచి పోగుచేసిన జనం మధ్య, మధ్య వరసలో కూర్చుంది.

తలుపు దగ్గర చరిత్ర నిలబడి ఉంది. పక్కన ఆయన, ఎలా చూడాలో చెవిలో చెబుతున్నాడు. కాసేపు ఆ పిల్ల బుద్ధిగా జనాన్ని చూసింది. తర్వాత తెర మీద ఎవరో ఏడిస్తే తల తిప్పింది. తిప్పిన తల మళ్ళీ ఇటు తిరగలేదు. ఆయన కూడా తెరే చూస్తున్నాడు, ఎప్పటిలాగే. రెండో సగంలో తండ్రీకొడుకులు రాజీపడే సీను వచ్చింది. ఆయన మనసు పడి రాసుకున్న సీను అది. తండ్రి మాట్లాడుతున్నాడు, ఇంకా మాట్లాడుతున్నాడు. ఆమె చుట్టూ నేల మీద చిన్న రాపిడి మొదలైంది. ముందు ఎడమవైపు, తర్వాత వెనక. ఏ మాట దగ్గర మొదలైందో ఆమె చెవి పట్టేసుకుంది. తలుపు దగ్గర చరిత్ర కొంగుతో కళ్ళు తుడుచుకుంటోంది.

ఆ ఏడుపు చూస్తే ఆమెకి ఆ పిల్ల మీద జాలేసింది. పాపం, సినిమా చూడటానికి పుట్టిన పిల్ల. కోపం కోసం వెతుక్కుంది, దొరకలేదు. మంట మాత్రం ఎక్కడిదక్కడే ఉంది. మరి ఇది ఎవరి మీద అని ఆలోచించుకుంటూ, లైట్లు వెలగకముందే లేచి ఇంటికి నడిచింది.

దీపాలు పెట్టే వేళకి ఆయన వచ్చాడు. తిన్నగా వంటింట్లోకి వచ్చాడు. ఆయన వంటింట్లోకి వచ్చాడంటే పనుందన్నమాట. గ్లాసు తీసి మంచినీళ్ళు తనే వంచుకున్నాడు. సినిమా బ్రహ్మాండంగా ఉందట, ఎవరూ కదల్లేదట, చరిత్ర చెప్పిందట. కానీ బయటికొచ్చే జనం మొహాలు ఆయనకి నచ్చలేదట. ఎక్కడ కొయ్యాలో రేపు పొద్దున్నే ఎడిటర్‌తో చెప్పాలట, ఎల్లుండి హాళ్ళకి వెళ్ళిపోతుందట.

"నువ్వూ వచ్చావట కదా, గేటు దగ్గర చెప్పారు" అన్నాడు, గ్లాసులోకి చూస్తూ. "ఎక్కడ కదిలాయి?"

ఆమె కూరగాయలు తరగడం ఆపలేదు. చెప్పెయ్యడం ఎంతసేపు? ఒక్క మాట. పాతికేళ్ళుగా ఈ వంటింట్లోనే, ఇలాగే పొయ్యి ముందు చెప్పింది. చెప్పినవన్నీ ఆ గుమ్మం దాటేసరికి ఆయనవయ్యాయి. చెప్పకపోతే సినిమా పోతుంది. అది తన సినిమా కూడా. ఆ మాటా నిజమే.

"రేపు ఆఫీసుకి వస్తాను. ఆ అమ్మాయినీ అక్కడికే పిలిచి, తన ముందు ఆ రికార్డరు పెట్టి అడగండి. చెబుతాను."

ఆయన తెల్లబోయాడు. తర్వాత మొహం తేటపడింది. ఇదేదో తనకి తెలిసిన జబ్బే, మందు ఉన్నదే అనుకున్నట్టున్నాడు. దగ్గరికొచ్చి భుజం మీద చెయ్యి వేశాడు.

"ఓసి పిచ్చిదానా. చిన్నపిల్ల అది. దాన్ని చూసి కుళ్ళుకుంటున్నావా?"

ఆమె కత్తిపీట పక్కకి జరిపి, చేతులు తుడుచుకుని, ఆయన వైపు తిరిగింది.

"కుళ్ళుకుంటున్న మాట నిజమేనండీ. ఆ పిల్లని చూసి కాదు, మిమ్మల్ని చూసి. నేను చేసిన పనులన్నీ చేసిన మనిషి మీరేనట కదా."