పావురాలకు కట్టిన ఆట

మధుకర్‌కు దిల్‌సుఖ్‌నగర్‌లో చీరల దుకాణం, ఎల్బీనగర్‌లో ఇల్లు. ఇరవై ఏళ్ల నాటి ఒక కంప్యూటర్ కార్ల ఆటలో ఉన్న వీధులు తీసేసి దిల్‌సుఖ్‌నగర్ మెయిన్‌రోడ్డు పెట్టడానికి అతనికి ఆరేళ్లు పట్టింది. మెట్రో పిల్లర్లు లెక్క ప్రకారం ఉన్నాయి. నలభై మూడు దుకాణాల బోర్డులు ఫొటో తీసి అతికించాడు. వాటి యజమానుల్లో ఎనిమిది మంది ఆదివారం పదకొండింటికి చూడటానికి వస్తామన్నారు.

శనివారం ఉదయం పై వాటాలో ఉండే వినయ్ దిగి వచ్చాడు. గుంటూరు వాడు, సాఫ్ట్‌వేర్ ఉద్యోగి. కంప్యూటర్ నెమ్మదించిందంటే బాగుచేసి, అడగకుండానే పాత ఆట తీసేసి అదే ఆట కొత్త వెర్షన్ ఎక్కించాడు. కానుక అన్నాడు. మధుకర్ తన ఫైళ్లు అందులో పెట్టి చూశాడు. మెట్రో పిల్లర్లు ఆకాశంలో నిలబడ్డాయి. మిఠాయి దుకాణం బోర్డు బస్సు చక్రానికి చుట్టుకుంది. తర్వాత ఆట ఆగిపోయింది.

"కొత్తదానికి మళ్లీ చేసుకుంటే సరిపోద్ది కదండీ," అన్నాడు వినయ్.

"ఆరేండ్లు," అన్నాడు మధుకర్.

మధుకర్ తండ్రి దశరథ పోచంపల్లిలో ముప్పై ఏళ్లు మగ్గం నేసినవాడు. ఏమైందని అడిగాడు. వినయ్ చెప్పాడు: ఆటలో ఏది ఎక్కడుందో లెక్క చూసుకుని మధుకర్ లాంటివాళ్లు ఆ చోట తమది పెడతారు. కొత్త వెర్షన్‌లో కంపెనీ చోట్లన్నీ మార్చేసింది. అందుకే వీళ్లు పాతదాన్ని వదలరు.

"ఒక మగ్గం లెక్కకు ముడులేసి రంగులద్దిన నూలు ఇంకో మగ్గం మీద నేస్తే చిలుక కాకి అయితది," అన్నాడు దశరథ. "మావోడు మగ్గం ఇడిసిండు గని లెక్క ఇడువలే. నువ్వు మగ్గమే మార్చినవ్ బిడ్డా."

పాత వెర్షన్ ఇప్పుడు ఎక్కడా అమ్మడం లేదు. మధుకర్ కొన్న డిస్కు ఉండాలి. టీవీ కింద డబ్బా దొరికింది, లోపల డిస్కు లేదు. భార్య ప్రసన్నలక్ష్మిని అడిగితే బాల్కనీ వైపు చూసింది. మెరుపుకు బెదిరి పావురాలు రాకుండా ఉంటాయని ఎండాకాలంలో ఆమె అక్కడ నాలుగు డిస్కులు కట్టింది. మూడోది ఆట.

"పనికొచ్చేదైతే బీరువాల పెట్టుకోవాలె," అంది.

దారం నడిమి రంధ్రంలోంచి పోయింది కనుక డిస్కుకు దెబ్బ తగల్లేదు. పావురాల రెట్ట మాత్రం ఉంది. దశరథ సబ్బు నీళ్లతో కడిగి, మెత్తటి నూలు గుడ్డతో నడిమి నుంచి అంచుకు తుడిచాడు. తీరా కంప్యూటర్‌కు డిస్కు పెట్టే చోటు లేదు. వినయ్ మెట్రో ఎక్కి దిల్‌సుఖ్‌నగర్ వెళ్లి, పాత సామాన్ల దుకాణంలో డిస్క్ డ్రైవ్ ఒకటి వెతికి తెచ్చాడు. తప్పు తనదే కాబట్టి ఎవరూ వద్దనలేదు.

ఆదివారం పదకొండింటికి పిల్లర్లు నేల మీద ఉన్నాయి. ఎనిమిది మంది ఎవరి బోర్డు దగ్గర వాళ్లు ఆటలోని బస్సు ఆపించారు. పక్క దుకాణం బోర్డు కంటే తనది చిన్నగా ఉందని మిఠాయి దుకాణం జానయ్య అలిగాడు. అసలు బోర్డు కూడా చిన్నదేనని మధుకర్ ఫొటో చూపించాడు.

బాల్కనీలో ఖాళీ అయిన చోట రెండు పావురాలు వాలాయి. ప్రసన్నలక్ష్మి వినయ్‌ని కొత్త ఆట డిస్కు ఇమ్మంది. దానికి డిస్కు ఉండదని, నెట్‌లోంచే దిగుతుందని అతను చెప్పాడు.

"అయితే అది పావురాలకు గూడ పనికిరాదు," అంది ఆమె.

వినయ్ లేచి వెళ్లి చేత్తో అదిలించాడు.