మతిమాలిన్ హెడ్ ప్రయాణం

"ఉత్తరం వచ్చేసింది!" అన్నాను, లెటర్‌కెన్నీ ఊరి బోర్డు చూసి.

"హల్లెలూయా!" అంటూ నా భార్య సంతోషకుమారి సీటు బెల్టుతో సహా ఎగిరింది. "ఎప్పుడొచ్చిందండీ? సెర్మనీ డేట్ ఇచ్చారా?"

నేను చెప్పింది దిక్కు. ఆమె విన్నది జాబు. ఐరిష్ పౌరసత్వానికి దరఖాస్తు పెట్టి పద్నాలుగు నెలలైంది. డబ్లిన్ శివారు లూకన్‌లో మా ఇంటి తలుపు సందులోంచి పిజ్జా కాగితం పడినా పరిగెత్తుకెళ్ళి చూస్తుంది. సంగతి తెలిశాక పది కిలోమీటర్లు నాతో మాట్లాడలేదు.

మేం వెళ్తున్నది మాలిన్ హెడ్‌కి. ఈ ద్వీపానికి ఉత్తరపు కొస అదే. తమాషా ఏమిటంటే, నార్తర్న్ ఐర్లాండ్ దానికి కిందనుంటుంది. డబ్లిన్ నుంచి దగ్గరదారి ఆ నార్త్ లోంచే, అంటే యూకే లోంచే పోతుంది. సరిహద్దులో గేటు లేదు, చెక్‌పోస్టు లేదు, కనీసం బట్టలారేసే తాడైనా లేదు. కానీ మా ఇండియా పాస్‌పోర్టులకు యూకే వీసా కావాలి.

పొద్దున బయల్దేరేటప్పుడే మా బావ లాజరస్ పోరాడాడు. ఆయన సంతోషానికి సొంత అన్న, కార్క్‌లో నర్సు, ఐరిష్ పాస్‌పోర్టు చేతికొచ్చిన అదృష్టవంతుడు.

"బావా, దగ్గరదారిలో పోనీ. గంటన్నర కలిసొస్తది. అక్కడ ఆవులు కూడా తలెత్తి చూడవు."

"ఆవులు చూడకపోతే దేవుడు చూడడా అన్నయ్యా? ఏ చట్టమూ తప్పలేదని ఫారంలో సంతకం పెట్టాను," అంది సంతోషం.

దాంతో చుట్టుదారిన, స్లైగో మీదుగా స్లోగా గో అన్నమాట. బావ అలిగి వెనక సీట్లో పడుకున్నాడు.

లెటర్‌కెన్నీ దాటి అరగంటైందో లేదో, సంతోషం ఫోను టింగుమంది. చదివింది.

"యూకేకి స్వాగతం అంటోందండీ! ఎక్కడ తిప్పారు?"

"ఎక్కడా తిప్పలేదే! నువ్వు చెప్పినట్టే..."

అప్పుడు, బైబిల్లో సమాధిలోంచి లేచినవాడి పేరుకు తగ్గట్టు, లాజరస్ లేచాడు. "అయ్యయ్యో చెల్లాయ్! మెసేజ్ వచ్చిందంటే వాళ్ళ కంప్యూటర్‌కి ఎక్కినట్టే. ఇంక నీ ఉత్తరం రాదు, సమన్లు వస్తయ్!"

"కాస్త ఊరుకో బావా," అన్నాను.

సంతోషం ఏడవలేదు. బ్యాగులోంచి పుస్తకం తీసి రాయడం మొదలుపెట్టింది. తనూ నర్సే; వార్డులో మందు పది నిమిషాలు ఆలస్యమైనా, ఎవరూ అడగకముందే తనే ఇన్సిడెంట్ రిపోర్టు రాసిచ్చే మనిషి.

"ఏం చేస్తున్నావ్?"

"దాచిపెడితే తప్పు రెండింతలవుతుంది. గార్డ్స్ స్టేషన్ ఎక్కడుందో చూడండి." గార్డ్స్ అంటే ఇక్కడి పోలీసులు.

పెట్రోలు ముల్లు కిందికి వాలుతోంది. బంకు రానా, వద్దా అని ఊరిస్తుండగా నిజంగానే బంక్రానా ఊరు వచ్చింది. ముందు బంకు కాదు, గార్డ్స్ స్టేషన్ దొరికింది.

తెల్ల మీసాల గార్డు కాగితం అందుకుని పైకే చదివాడు. సమయం: ఒంటిగంటా నలభై. సంఘటన: యూకేలో అనుమతి లేని ప్రవేశం. సాక్షులు: భర్త, అన్న. తీసుకున్న చర్య: స్వయంగా గార్డ్స్‌కు తెలియజేయడం.

ముప్ఫయ్యేళ్ళ ఉద్యోగంలో ఇంత అందమైన నేరాంగీకారం చూడలేదన్నాడు. ఏ రోడ్డున వచ్చారని అడిగాడు. చెప్పింది. గోడ మీది పటంలో ఆ రోడ్డంతా వేలితో గీశాడు. సరిహద్దు పక్కనుంచే వచ్చాంగానీ, ఎక్కడా దాటలేదు.

"మీరు దాటలేదు, మీ ఫోను దాటింది," అన్నాడు. అవతలి టవర్లు బలమైనవట. తన ఇంట్లో కెటిల్ దగ్గర నిలబడితే ఫోను ఐర్లాండంటుందట, కప్పుల అల్మారా దగ్గరకెళితే బ్రిటన్ అంటుందట. "యూ ఆర్ గ్రాండ్!" అన్నాడు, ఇక్కడి భాషలో ఏం ఫర్వాలేదని.

సంతోషం కుర్చీలో కూలబడి కళ్ళు తుడుచుకుంది. బావ పకపకా నవ్వాడు. "నిరుడు ఇక్కడే నాక్కూడా ఇదే మెసేజ్ వచ్చిందిలే!"

అని నాలుక కరుచుకున్నాడు. తెలుగు రాకపోయినా గార్డు సైతం ఆయన్ని అనుమానంగా చూశాడు.

"తెలిసే నన్ను ఇక్కడిదాకా తెచ్చావా అన్నయ్యా?"

"పొద్దున నా మాట వినలేదని... ఏదో సరదాకి..."

సంతోషం ఆ కాగితం వెనక్కి తీసుకుంది. ఇన్సిడెంట్ రిపోర్టులో చివరి గడి ఒకటి ఖాళీగా ఉండిపోయింది, మళ్ళీ జరగకుండా తీసుకునే చర్య. నింపేముందు గార్డుని అడిగింది.

"రేపు ఇక్కణ్ణుంచి నార్త్ మీదుగా డబ్లిన్‌కి బస్సులుంటాయా సార్?"

"ఉంటాయి. సరిహద్దు అవతల డెరీలో మారాలి."

"మేం డెరీ దరిదాపులక్కూడా పోం. మా అన్నయ్యకి ఐరిష్ పాస్‌పోర్టుంది, దగ్గరదారంటే ప్రాణం," అని, ఆ గడిలో 'అన్న రేపు ఆ బస్సులో తిరుగుప్రయాణం' అని రాసి, సంతకం పెట్టి, సాక్షి సంతకం కోసం పెన్ను నాకిచ్చింది.

పెట్టాను. పెట్టకపోతే మతిమాలిన వాణ్ణవుతాను.