ఈ క్షణాన మన జవాన్లు

హైమవతి సినిమా హాలు మెట్లు ఎక్కుతూనే ఉంది, కానీ మెట్లు పైకి వెళ్తున్నాయో కిందికి దిగుతున్నాయో ఆమెకు తెలియడం లేదు, ఒక్కో మెట్టు మీద ఒక్కో భాషలో ఎవరో గొంతు సవరించుకుంటున్నారు, తమిళం దాటింది, మరాఠీ దాటింది, బెంగాలీ దగ్గర కాస్త ఆగి ఊపిరి పీల్చుకుంది, తెలుగు మెట్టు వచ్చేసరికి అక్కడ మెట్టుకు బదులు ఒక తలుపు, తలుపు మీద ఎర్ర దీపం. దీపం వెలుగుతుండగా లోపలికి వెళ్ళకూడదన్నది బొంబాయి స్టూడియోలో చేరిన మొదటి రోజే నేర్పిన నియమం. డెబ్భై ఎనిమిదేళ్ళొచ్చినా ఆ నియమం మీరాలంటే ఆమెకు భయమే, అందుకని బుద్ధిమంతురాలిలా బయటే నిలబడుతుంది.

"ఏటమ్మా హైమవతీ, అక్కడే నిలబడిపోయేవేటి? చచ్చినోడి రికార్డింగుకి ఎర్ర దీపమేటి, రా లోపలికి" అని అవతలి నుంచి పిలుపు వినబడుతుంది, ఆ పిలుపుకి తలుపు తనంతట తానే లేకుండా పోతుంది.

జోగారావు గారు. పోయి ముప్పై రెండేళ్ళయింది. ఆయన మొహం పట్టుమని పదిమందికి కూడా తెలియదు గాని ఆ గొంతు తెలియనివాడు ఆంధ్రదేశంలో లేడు. ఆ రోజుల్లో ఏ ఊళ్ళో ఏ సినిమా ఆడినా అసలు బొమ్మకు ముందు ప్రభుత్వం వారి వార్తాచిత్రం వేసి తీరాలి, ఆ వార్తాచిత్రాల్లో ఇరవై ఏళ్ళపాటు ఆనకట్టలు కట్టిందీ, వరదలను ఆదుకున్నదీ, యుద్ధాలు గెలిచిందీ ఆ గొంతే. మైకు ముందు ఒక్క అక్షరం పొల్లు పోనివ్వని మనిషి, మైకు ఆపగానే నేరుగా విజయనగరం వెళ్ళిపోయేవారు, 'ఏమి'లన్నీ 'ఏటి'లైపోయేవి. బాపట్ల నుంచి వచ్చిన హైమవతికి మొదట్లో నవ్వాగేది కాదు. ఆమె నవ్వితే ఆయనా నవ్వేవారు.

గదిలోకి వచ్చాక చూస్తే అది రికార్డింగు గదీ అవును, హాలూ అవును, మైకు ముందు వరసలుగా కుర్చీలు, కుర్చీల్లో జనం ఉన్నట్టే ఉన్నారు గాని ఎవరికీ మొహాలు లేవు, వేరుశనక్కాయల చప్పుడు మాత్రం చక్కగా వినబడుతోంది. జోగారావు గారు మెడకు మఫ్లరు చుట్టుకుని మొదటి వరసలో కూర్చుని, పక్క కుర్చీ తుడిచి, ఆమెకు చూపిస్తారు.

"బాగున్నావా? మోకాళ్ళెలాగున్నాయి?"

"వాటి సంగతి ఎందుకులెండి. నాకొక సమస్య వచ్చిపడింది. సాయంత్రం నాలుగింటికి ఒకమ్మాయి వస్తోంది, ఉజ్వల అని, మన వార్తాచిత్రాల మీద పరిశోధన చేస్తోందిట."

"మంచిదే గదా. ఏటడుగుతాది?"

"డెబ్భై ఒకటి యుద్ధం చిత్రాల గురించి. వాటితో మీరు ఒక దేశాన్ని తయారుచేశారా, లేకపోతే జనాన్ని మోసం చేశారా అని."

"అబ్బో" అంటారు జోగారావు గారు, ఎవరో తన పెళ్ళి గురించి అడిగినంత సంబరంగా. "మరి నువ్వేటి చెప్తావు?"

హైమవతి మూడు రోజులుగా వల్లెవేసిన జవాబు అప్పజెప్తుంది, ఇంగ్లీషు వ్యాఖ్యానం ఢిల్లీ నుంచి వచ్చేది, బొమ్మలు వాళ్ళు తీసేవాళ్ళు, ఏది చూపించాలో వాళ్ళే నిర్ణయించేవాళ్ళు, నేను తెలుగు చేసేదాన్ని, ఇంకేం తెలియదు. చెప్తున్నకొద్దీ ఆమె గొంతు సన్నబడిపోయి చివరికి ఎనిమిదో తరగతి పిల్ల గొంతవుతుంది.

"బాగుంది. అన్నీ వాళ్ళేనన్నమాట. మనిద్దరం బొంబాయి చూడ్డానికి వెళ్ళేం."

ఆమె జవాబు చెప్పేలోపు దీపాలు ఆరిపోతాయి, తెర మీద వెలుగు పడుతుంది.

ఆ బొమ్మ రాబోతోందని ఆమెకు తెలుసు, కళ్ళు మూసుకోవాలనుకుంటుంది, కలలో కళ్ళు మూసుకుంటే ఇంకా బాగా కనబడుతుంది. కందకం అంచున ఒక జవాను టీ మగ్గు పట్టుకుని నిలబడ్డాడు, ఎవరో పిలిచినట్టు ఇటు తిరిగాడు, ఇటు తిరిగి ఊరికే, హాయిగా, పళ్ళన్నీ కనబడేలా నవ్వాడు. దాని మీద జోగారావు గారి గొంతు, "ఈ క్షణాన, సరిహద్దులో, మన జవాన్లు చిరునవ్వుతో నిలిచి ఉన్నారు."

ఆ 'ఈ క్షణాన' హైమవతిది. ఇంగ్లీషులో లేదు, హిందీలో లేదు, ఢిల్లీ వాళ్ళు రాయలేదు. ఎప్పుడూ తెలుగు బొమ్మకంటే పొడుగై చచ్చేది, స్టాపువాచీ చేత్తో పట్టుకుని మాటలు కత్తిరించడమే ఆమె ఉద్యోగం, ఆ ఒక్క వాక్యం మాత్రం ఎన్నడూ లేనిది ఒకటిన్నర సెకను తక్కువ వచ్చింది. శుక్రవారానికి ప్రింట్లు హాళ్ళకు చేరాలి, బయట కారు ఆగి ఉంది. ఇరవై నాలుగేళ్ళ హైమవతి ఆలోచించకుండా ఆ ఖాళీలో 'ఈ క్షణాన' అని అతికించింది, కొలిచి చూస్తే సరిగ్గా సరిపోయింది, తన తెలివికి తనే మురిసిపోయింది కూడా.

ఆ బొమ్మ సరిహద్దుది కాదు. ఎండాకాలంలో ఎక్కడో కసరత్తుల మైదానంలో తీసినది. నవ్విన కుర్రవాడు టెక్కలి అవతల ఒక ఊరి వాడు, దాలినాయుడు, డిసెంబరు ఐదున పోయాడు. తొమ్మిదిన ఇంటికి తంతి వచ్చింది. పదిహేడున పలాసలో ఆ చిత్రం వేశారు. తల్లి అప్పలనర్సమ్మ బడిపంతులు చేత రాయించిన ఉత్తరం జనవరి మొదటివారంలో బొంబాయి చేరింది. 'తంతిలో మా వాడు లేడని ఉన్నది. సినిమాలో మీరు ఈ క్షణాన ఉన్నాడని చెప్పుచున్నారు. మీది ప్రభుత్వం, తంతిది ప్రభుత్వం. ఏది నమ్మవలెనో తెలుపగలరు.'

ఆ ఉత్తరం చదివి హైమవతి తేలు కుట్టిన దొంగలా ఎవరికీ ఏమీ చెప్పకుండా, దాన్ని జోగారావు గారి బల్ల మీద పెట్టేసింది. ఆయన చదివారు, ఆమె చూసింది. మర్నాడు ఆయన సెలవు పెట్టి పలాస వైపు వెళ్ళారని ఆఫీసులో అనుకున్నారు. ఆయన తిరిగొచ్చేలోపు ఆమెకు ఢిల్లీలో ఉద్యోగం వచ్చింది, వెళ్ళిపోయింది, ఆ తర్వాత ఇరవై ఏళ్ళలో నాలుగైదుసార్లు కలిశారు, కాఫీలు తాగారు, పిల్లల చదువులు మాట్లాడుకున్నారు, ఆ మాట మాత్రం ఆమె అడగలేదు. అడిగితే చెప్తారేమోనని భయం.

"ఇప్పుడడుగు మరి" అంటారు జోగారావు గారు తెర వైపే చూస్తూ. "నాకు ఇక్కడ తొందరేటీ లేదు."

"ఆ తల్లికేం చెప్పారండీ?"

ఆయన లేచి ఆమె చెయ్యి పట్టుకుంటారు, ఇద్దరూ వరసల మధ్య నుంచి నడుస్తారు, తెర వస్తే తెరలోంచి నడుస్తారు, అవతల జీడితోటలు, ఎర్ర ఇసక బాట, ఎండ. నడుస్తూ నడుస్తూ ఆయన చెప్తున్నారు, ఆవిడ పద్దెనిమిది రోజులు పలాస వచ్చిందిట, అందరూ వార్తాచిత్రం తప్పించుకుందామని ఆలస్యంగా వచ్చే హాలుకు ఆవిడ వార్తాచిత్రం కోసమే వచ్చేదట, కొడుకు నవ్వగానే, అసలు సినిమా పేర్లు పడకముందే లేచి వెళ్ళిపోయేదట, అది చూసి గేటు దగ్గర మనిషి టిక్కెట్టు అడగడం మానేశాడట.

"నీకు గుర్తుందా హైమవతీ, కొత్తలో నువ్వు 'మేము విజయం సాధించాము' అని రాసి పట్టుకొచ్చేవు?"

"గుర్తే. మీరు కొట్టేశారు."

"కొట్టెయ్యకేటి మరి? మేము గెలిచేం అంటే, హాల్లో కూచున్నోడు ఎవడమ్మా? వాడు ఓడిపోయేడేటి? ఇంగ్లీషోడికి ఒకటే మాట, హిందీవాడికీ ఒకటే, తెలుగువాడికి రెండున్నాయి. 'మనం' అన్నాం. అనగానే, పంజాబు ఎటుందో తెలీనోడు కూడా చొక్కా సర్దుకుని కూచునీవోడు. ఆ ఒక్క మాటతో ఎంతమందిని లోపలికి లాగీసేమో! తప్పని నేననను. బాగుండీది. నాకు చదువుతుంటే ఒళ్ళు పులకరించీది."

"నాకూ రాస్తుంటే అలాగే ఉండేది" అంటుంది హైమవతి, ఇన్నేళ్ళూ ఎవరితోనూ ఒప్పుకోని మాట.

బాట ఒక పెరట్లోకి తిరుగుతుంది. పెరట్లో అప్పలనర్సమ్మ చేటలో ఏదో చెరుగుతోంది, ముసలిదీ కాదు, వయసుదీ కాదు, చెరిగిందంతా గాలికి ఎగిరి తెర మీద పడ్డ వెలుగులా మెరుస్తోంది. జోగారావు గారు చేతులు కట్టుకుని నిలబడతారు. మైకు ముందు కూడా ఆయన అంత జాగ్రత్తగా నిలబడగా హైమవతి చూడలేదు.

"అమ్మా" అంటారాయన, "మేము చెప్పింది తప్పు."

హైమవతికి ఆ మాట గుండెల్లో దిగుతుంది. మనం కాదు. మేము. దేశాన్నీ, దేవుణ్ణీ, ఢిల్లీనీ, ఆ తల్లినీ బయట ఉంచి, తప్పు చేసినవాళ్ళను మాత్రం లోపల పెట్టుకున్న మాట.

"మేము అన్నారేంటండీ? రాసింది నేను కదా, నేనొక్కదాన్ని."

"చదివింది నేను. తిలాపాపం తలా పిడికెడు" అని ఆయన గుసగుసగా అంటారు. "గెలుపైతే మనం, తప్పైతే మేము. ఆ మాత్రం తెలుగు రాకపోతే ఇంక మనకి జీతమెందుకమ్మా?"

అప్పలనర్సమ్మ చేట దించుతుంది. ఆయన్ని దాటి హైమవతి వైపు చూస్తుంది. యాభై నాలుగేళ్ళుగా ఏ చూపుకు భయపడి పారిపోతోందో ఆ చూపు ఇంత మామూలుగా ఉంటుందని హైమవతి అనుకోలేదు.

"నువ్వేనా అమ్మా రాసినావు?"

"నేనేనమ్మా."

"మంచిగా రాసినావు. ఒక్క మాటే ఎక్కువైపోనాది."

"క్షమించమ్మా" అంటూ హైమవతి వంగుతుంది. ఆవిడే మళ్ళీ అంటుంది, "మీరు సెప్పింది తప్పైతే అయినాది. మరి మా గుంటడు నవ్వినాడు గదా, అది ఎవులు రాసినారు? ఎవులూ రాయనేదు. ఆడే నవ్వినాడు. నాను సూసినాను, ఊరంతా సూసినాది. నా కాడ ఆడి ఫొటో ఒక్కటైనా నేదు తల్లీ."

గాలి వస్తుంది, పెరడు పలచబడుతుంది, జీడిచెట్ల మధ్య నుంచి హాలు కుర్చీలు బయటపడుతున్నాయి. జోగారావు గారి మఫ్లరు కొస మాత్రం హైమవతి చేతిలో ఉంది. ఇంక సమయం లేదని ఆమెకు అర్థమై గబగబా అంటుంది, "మీకు నేను ఒక్కసారైనా చెప్పలేదండీ. నా తప్పు పట్టుకుని నాలుగు రైళ్ళు మారి వెళ్ళారు. నన్ను ఒక్క మాట అనలేదు. ఆ తర్వాత నేను ఎన్ని వేల పేజీలు రాశానో, ఏ మాట ఊరికే అతికించబోయినా మీ గొంతుతో చదువుకుని చూసుకున్నాను. నేను పనిమంతురాలినని పేరు తెచ్చుకున్నానంటే అది మీ చలవే."

"చాల్చాలు, ఇదీ పొడుగైపోతోంది, కత్తిరించు" అంటారాయన, కానీ ఆయన మొహమంతా సంతోషం, దాచుకోవడం కూడా చేతకావడం లేదు. "బేగి వెళ్ళు, ఎవరో వచ్చినట్టున్నారు."

కాలింగ్ బెల్ మోగుతోంది. హైమవతి చిక్కడపల్లిలో తన ఇంట్లో, పడక్కుర్చీలో, చెంపలు తడిగా మేలుకుంది. గోడ గడియారం నాలుగు దాటి ఐదు నిమిషాలు.

ఉజ్వల ఇరవై ఆరేళ్ళ పిల్ల, వచ్చీరాగానే చెప్పులు విడిచి మరీ సర్ది పెట్టింది, మంచినీళ్ళు తాగింది, ఫోన్‌లో రికార్డరు ఆన్ చేసి బల్ల మీద పెట్టింది. సంచిలోంచి ట్యాబ్ తీసి, "ముందు మీకొకటి చూపించాలి మేడమ్. డెబ్భై ఒకటి చిత్రం తెలుగు ప్రింటు దొరికింది. విచిత్రమేంటంటే, ఫిబ్రవరిలో దీన్ని మళ్ళీ రికార్డు చేశారట. ఏ భాషకీ చెయ్యలేదు, తెలుగుకొక్కదానికే. ఎందుకో కాగితాల్లో లేదు" అంది.

ఫిబ్రవరి నాటికి హైమవతి ఢిల్లీలో ఉంది. ఆ సంగతి ఆమెకు ఇప్పటిదాకా తెలియదు.

బొమ్మ కదిలింది. కందకం అంచు, టీ మగ్గు, కుర్రవాడు ఇటు తిరిగాడు. గొంతు లేదు. వెనక సంగీతం లేదు. ఒకటిన్నర సెకను పాటు దాలినాయుడు ఊరికే నవ్వాడు. అప్పుడు జోగారావు గారి గొంతు, మెల్లగా, "సరిహద్దులో మన జవాన్లు" అని అందుకుంది.

"చూశారా, ఇక్కడ సౌండ్ పోయింది" అంది ఉజ్వల. "ప్రింటు పాడైనట్టుంది."

హైమవతి కొంగుతో కళ్ళు తుడుచుకుని, ఫోన్‌ను తన వైపు కాస్త జరుపుకుంది.

"పోలేదమ్మా. అక్కడ మేమొక తప్పు చేశాం. మొదట్నుంచీ చెప్తాను, రాసుకో."