కండె మెట్లు

పడుగు దారం చుట్టిన పాత బీము పోగుకు కొత్త బీము పోగును కలిపి, జారకుండా బూడిద అద్దుకున్న వేళ్లతో మెలిపెట్టి, బక్కయ్య ఇంకో ముడి వేశాడు. సాంచె మగ్గం వెనుక మఠం వేసుకుని కూర్చుంటే అతని తల తప్ప ఏమీ కనిపించదు. ఆ తల మీద కూడా దారపు నూగు పేరుకుని ఉంటుంది. కిటికీ అవతల మనుషులు మరో బీమును తాళ్లతో పై అంతస్తుకు లాగుతూ కేకలు వేస్తున్నారు. అంత బరువైన బీము మెట్ల మీదుగా రాదు కాబట్టి కార్ఖానా గోడకు పైన తలుపంత కంత వదిలారు. బీము కోసం అంత ఆలోచించినవాళ్లు మనిషి కోసం ఆలోచించరేమని, ఆ తాళ్లు చూసినప్పుడల్లా బక్కయ్యకు కడుపు మండేది.

మండదా మరి? మరమగ్గాల పేట బమ్రోలిలో అతను ఉండే కాలనీని ఒక ట్రస్టు కట్టించింది. కట్టినాయన పేరుమోసిన ఆర్కిటెక్టు. కండెకు దారం చుట్టినట్టు మెట్లు తిప్పాడని, వరండాలకు అడ్డంగా పోసిన సిమెంటు జాలీలో నేత కనిపిస్తోందని మెచ్చుకుని ఆయనకు బహుమతి కూడా ఇచ్చారు. ఆ మెట్ల మీద ఒకరు దిగుతుంటే ఎక్కేవాళ్లు గోడకు అతుక్కోవాలి. జాలీలోంచి గాలి రాదు, దోమలు మాత్రం వస్తాయి. వీటన్నిటికీ కాలనీవాళ్లు సర్దుకున్నారు. సర్దుకోలేనిది ఒక్కటే. పై అంతస్తులో ఎవరైనా పోతే, పడుకోబెట్టి కిందికి తేవడం కుదరదు.

ప్లేగు వచ్చిపోయిన మరుసటి ఏడాది బక్కయ్య భార్య వెంకటవ్వ పైనే పోయింది. చాపలో చుట్టి దించబోతే మొదటి మలుపులోనే ఇరుక్కుంది. వరండా జాలీ పగలగొట్టి అటునుంచి దించుదామని కొడుకు రవీంద్ర అంటే కాలనీ సెక్రటరీ లక్ష్మీరాజం అడ్డం పడ్డాడు. బహుమతి వచ్చిన కట్టడమనీ, దాని మీద చెయ్యి పడితే ట్రస్టువాళ్లు ఊరుకోరనీ అన్నాడు. చివరికి ఆమెను ఇనుప కుర్చీలో కూర్చోబెట్టి, ఆమె చీరతోనే కట్టి దించారు. మలుపు మలుపుకూ తల వాలిపోతుంటే బక్కయ్య వెనుకనుంచి నుదురు పట్టుకుని దిగాడు. బతికినన్నాళ్లూ కూర్చుని కండెలు చుట్టిన మనిషి, పోయేటప్పుడైనా నడుం వాల్చలేకపోయింది.

ఆ రోజునుంచి అతను పైకి ఎక్కలేదు. మెట్ల కింద నులక మంచం వేసుకున్నాడు. కోడలు నవత అన్నం కిందికే తెచ్చేది. ఇదేం పంతమని అడిగినవాళ్లకు అతను దాచకుండా చెప్పేవాడు.

"నేను పండుకొనే పోత. కుర్చీల కూసొని పోను."

కిందటి నెల ఆ ఆర్కిటెక్టు పోయాడు. టీ బండి దగ్గర ఎవరో పేపరు చూపించారు. సొంత బంగళా నడి హాలులో, పూల మధ్య, కాళ్లు బార చాపుకుని పడుకుని ఉన్నాడు పెద్దమనిషి. బక్కయ్య ఆ ఫొటోను చాలాసేపు చూశాడు. తన మెట్లు తన ఇంట్లో పెట్టుకోలేదన్నమాట. ఆ పూట అతనికి టీ సహించలేదు.

ఇవాళ మధ్యాహ్నం పని దిగి వచ్చేసరికి కాలనీ ముందు కారు ఆగి ఉంది. ఆరేసిన బట్టలు లేవు, నీళ్ల డ్రమ్ములు లేవు. ఆ ఆర్కిటెక్టు కట్టడాలన్నీ పుస్తకంగా వేస్తున్నారట. ఫొటోలు తీసేవాళ్లు నీడన నిలబడి ఓపికగా ఎదురుచూస్తున్నారు. లక్ష్మీరాజం నులక మంచాన్ని ఎత్తి నిలబెట్టి, దాని కోళ్లు పట్టుకుని ఉన్నాడు.

"ఒక్క పూటకే బావా," అన్నాడతను. "ఫొటోల మంచం పడితే మంచిగుండదు. జర పైకి పోయి పండుకో."

"నా మంచం ముట్టకు. నా చావు దానిమీదనే ఉన్నది."

లక్ష్మీరాజం బతిమాలాడు. ట్రస్టువాళ్ల కోపం గురించి చెప్పాడు. బక్కయ్య మంచం రెండో కొస పట్టుకుని గుంజాడు. ఆ గుంజులాటలో అతని చొక్కా తడిసి ముద్దయింది. పైనుంచి చూసిన నవత దిగివచ్చి అతని చెయ్యి పట్టుకుంది.

"మామా, చెమటలు కారుతున్నయి. జరసేపు ఫ్యాన్ కింద పండుకో. వీళ్లు పోంగనే మంచం నేనే ఏస్త."

లక్ష్మీరాజం మాటైతే అతను చచ్చినా వినడు. ఇన్నాళ్లూ విసుక్కోకుండా అన్నం మోసుకొచ్చిన పిల్ల అడిగితే కాదనలేకపోయాడు. ఎక్కుతూ ఎక్కుతూ వెంకటవ్వ ఇరుక్కున్న మలుపులో ఆగి, గోడకు అరచెయ్యి ఆనించి నిలబడ్డాడు. తరువాత మెల్లగా పైకి వెళ్లి, వెంకటవ్వ కండెలు చుట్టిన మూలలో చాప వేయించుకుని పడుకున్నాడు. నవత మంచాన్ని నీళ్ల ట్యాంకు వెనుక జాగ్రత్తగా ఆనించి వచ్చింది.

కింద ఫొటోలు తీస్తూనే ఉన్నారు. వాళ్లు మెట్లను కింది నుంచీ తీశారు, పక్కనుంచీ తీశారు. కారు కదిలాక నవత టీ పట్టుకుని మామను లేపబోయింది. అతను గోడవైపు ఒత్తిగిలి ఉన్నాడు. వేళ్లకు బూడిద అలాగే ఉంది. ఊపిరి లేదు.

రవీంద్ర పనినుంచి పరుగెత్తుకొచ్చేసరికి జనం పోగయ్యారు. పైకి పొమ్మన్నది తానేనని నవత తల బాదుకుంటోంది. ఎవరో అప్పుడే ఇనుప కుర్చీ తెచ్చి మొదటి మలుపుదాకా మోసి, అక్కడ పెట్టి ఉంచారు. రవీంద్ర దాన్ని దాటుకుని పైకి వచ్చాడు. భుజాన ఉన్న పనిముట్ల సంచిలోంచి సుత్తి తీసి వరండా జాలీని కొట్టాడు. లక్ష్మీరాజం ముందుకు రాబోయాడు.

"అడ్డమొస్తే నిన్ను గదే కుర్చీల కట్టి దించుత," అన్నాడు రవీంద్ర.

జాలీ గట్టిదే. ఎంతకీ లొంగలేదు. ఒకరి చేతిలోంచి ఒకరు సుత్తి అందుకుని, ఏళ్ల కోపమంతా దాని మీద తీర్చుకున్నారు. చివరికి మంచం పట్టేంత కంత పడింది. కార్ఖానానుంచి బీములు లాగేవాళ్లు తాళ్లు తెచ్చి మేడ పిట్టగోడ మీదికి ఎక్కించారు. నులక మంచం నాలుగు కోళ్లకూ ముడులు వేసి పైకి లాగారు. బక్కయ్యను దాని మీద వెల్లకిలా పడుకోబెట్టి, కాళ్లు చాపి, దుప్పటి కప్పారు. బీము దించేటప్పుడు వేసే కేకలు వేయకుండా, ఒక కొస కూడా వాలకుండా, తాడు కొంచెం కొంచెం వదిలారు. కింద లక్ష్మీరాజం రెండు చేతులూ చాచి మంచం అందుకున్నాడు. అతని ముఖం వైపు ఎవరూ చూడలేదు.

అందరూ శ్మశానానికి వెళ్లిపోయాక కాలనీ ఖాళీ అయింది. ఇనుప కుర్చీ మాత్రం మెట్ల మొదటి మలుపులో, తెచ్చినవాడు వదిలిపెట్టిన చోటే ఉండిపోయింది.