ఎదుటి కుర్చీ, మూడు కొవ్వొత్తులు

జానెడు ఎత్తు చాలా, మూరెడు కావాలా, మూరెడంటే మరీ చర్చిలో నిలబెట్టినట్టుంటుంది, అయినా పన్నెండు విందు బల్లల మీద వెలిగే కొవ్వొత్తులకి ఇంత ఆలోచనేమిటి, ఒక్టావ్ ఉంటే ఈపాటికి ఏదో ఒకటి కట్టించేసి బయట సిగరెట్ కాలుస్తూ ఉండేవాడు, అనుకుంది వెటూరియా. ఆ వెంటనే, తన భర్త బతికి ఉంటే ఈ పని తనదాకా వచ్చేదే కాదని తోచింది.

అతను ఉండి ఉంటే ఆమె కొనవలసినవి బల్లల మీదివి కావు. పెళ్ళిలో వధూవరుల పక్కన వెలిగే నిలువెత్తు కొవ్వొత్తులు. వాటిని జ్ఞానతల్లిదండ్రులు తేవాలి. పెళ్ళికూతురు ఇలింకాకు బాప్తిస్మమిప్పించింది వెటూరియా, ఒక్టావ్ దంపతులే కనుక పెళ్ళికీ వాళ్ళే నిలబడాలి. కాని నిలబడడానికి జంట కావాలి. వద్దని ఎవరూ అనలేదు. అనవలసిన అవసరం లేకుండానే పెళ్ళికొడుకు పై అధికారి ప్రొదాన్, ఆయన భార్య ఆ స్థానానికి కుదిరిపోయారు. తర్వాత ఇలింకా ఫోన్ చేసి, కనీసం బల్లల మీదికి కొవ్వొత్తులు మీరే ఎంచాలి నాషా అంది. చిన్నప్పటినుంచీ జ్ఞానతల్లిని అలాగే పిలుస్తుంది. వెటూరియా ఎంచుతానంది. పెళ్ళికి వస్తానని మాత్రం అనలేదు. చివరి రోజున ఒంట్లో బాగాలేదని చెప్పవచ్చు. ఎవరూ గుచ్చి గుచ్చి అడగరు.

దుకాణంలో ఆమె వేళ్ళు తమంతట తామే సన్నని పసుపు కొవ్వొత్తుల కట్ట మీదికి పోయాయి. రెండేళ్ళుగా ప్రతి శనివారం కొంటున్నవి. ఇవే ఇమ్మంది.

దుకాణం నడిపే జంఫీరా కళ్ళజోడు ముక్కు చివరికి జార్చి చూసింది.

"పెళ్ళన్నావు కదమ్మా? చచ్చినవాళ్ళకి వెలిగించేవి విందు బల్ల మీద పెడితే, పెళ్ళికూతురి అత్తగారు నీ జుట్టు పీకుతుంది. నీది అయ్యాక నాది."

వెటూరియా చెయ్యి వెనక్కి తీసుకుంది. సిగ్గు వేయలేదు. తను చూడనప్పుడు తన చేతులు ఎటు పోతున్నాయో తెలిసి భయం వేసింది.

జంఫీరా లేత దంతపు రంగువి మూడు, మూడు ఎత్తులవి, కాగితంలో చుట్టి ఇచ్చింది. అందరూ రంగు చూసి మోసపోతారట. చూడవలసింది ఎత్తు. తెల్లారేదాకా తిని తాగే జనానికి మంట కళ్ళకడ్డం వస్తే ఎదుటివాళ్ళతో మాటలు ఆగిపోతాయి. ఇంట్లో వెలిగించి, ఎదురుగా ఒకరిని కూర్చోబెట్టుకుని చూడాలి. మొహం నిండుగా కనిపిస్తే అదే ఎత్తు. సాయంత్రం ఆరులోపల చెబితే రేపే పోత పోస్తానంది.

"ఎవరిని కూర్చోబెట్టను?"

"ఎవరైతేనేం. మొహం ఉంటే చాలు."

ఇంటికి వచ్చి, వంటింట్లో కిటికీ తెర లాగి మూడింటినీ బల్ల మధ్యలో వెలిగించింది. పొయ్యి పక్కది తన కుర్చీ, కిటికీ వైపుది ఒక్టావ్‌ది. ఆ కుర్చీలో రెండు దిండ్లు వేసి, వాటి మీద గుమ్మడికాయ పెట్టింది. సరిగ్గా మనిషి తల ఎత్తుకు వచ్చింది. ఒక్కొక్క కొవ్వొత్తినే ముందుకు జరుపుతూ చాలాసేపు చూసింది. ఏదీ అడ్డమనిపించలేదు. గుమ్మడికాయ తిరిగి చూడదు కదా, ఏది అడ్డమో ఎలా తెలుస్తుంది?

దాన్ని నేల మీదికి దించి, అటువైపు వెళ్ళి తనే కూర్చుంది. ముప్ఫై ఒక్క ఏళ్ళలో ఆ కుర్చీలో కూర్చోవడం ఇదే మొదలు. అక్కణ్ణుంచి పొయ్యి, గోడ మీద నూనె మరక, అరిగిన తన కుర్చీ వీపు కనిపించాయి. పొడుగుదాని మంట సరిగ్గా తన మొహం ఉండవలసిన చోట నిలిచింది. దాన్ని తీసి పొట్టిది పెట్టింది. ఇప్పుడు ఏ అడ్డమూ లేదు. ఆ చోట ఎవరూ లేరు.

ఒక్టావ్ చూసినది ఇదేనా? కాదు, అతను చూసినప్పుడు అక్కడ తను ఉంది. ఇలా ఖాళీగా చూడబోయేది ఇలింకా. ఆదివారం పెళ్ళి విందులో తలెత్తి ఏదో ఒక బల్ల వైపు చూస్తుంది. తన పేరు రాసిన చీటీ, ముట్టని పళ్ళెం, దాని ముందు తను ఎంచిన మంట. రాకపోతే ఎవరికీ తెలియదని ఇన్నాళ్ళూ అనుకుంది. ఈ వైపు నుంచి చూస్తే తెలియకపోవడమనేది లేదు.

అయిదున్నరైంది. లేవకుండానే ఫోన్ తీసింది.

ఇలింకా గొంతు వెనక గిన్నెల చప్పుడు, ఎవరిదో నవ్వు. ప్రొదాన్ దంపతులు భోజనానికొచ్చారని, తర్వాత తనే మాట్లాడతానని అంది.

"ఎత్తు తేలడం లేదు. నువ్వొచ్చి ఎదురుగా కూర్చోవాలి."

"ఇప్పుడేనా, నాషా? రేపు పొద్దున్నే వస్తే?"

రెండేళ్ళుగా ఎవరు ఏమడిగినా వెటూరియా చెప్పిన మాట ఒకటే, నీకు వీలైనప్పుడే అని. అది ఇప్పుడూ నాలుక మీదికి వచ్చింది. ఎదురుగా ఖాళీగా ఉన్న తన కుర్చీ వైపు చూసింది.

"ఇప్పుడే," అంది.