పైకి అనని పద్యం

బెరిల్ క్లెగ్ విగ్గును గట్టిగా దులిపింది. పోయిన ఏడు ఈ దేవత వేషం కట్టినామె చెమట వాసన ఇంకా వదల్లేదు. ఛీ! సముద్రపు తేమకి గోడలన్నీ బూజుపట్టి, మేకప్ గది ఉతకని మేజోళ్ల కంపు కొడుతోంది. టీ కెటిల్ పక్కన ఎలుక పెంటికలు. అరవై ఎనిమిదేళ్ల మొహానికి గులాబీరంగు పూసుకుంటూ ఆమె పెదవులు బిగించుకుంది. నోరు తెరిస్తే పద్యం జారిపడుతుందేమోనని భయం.

ఏటా పిల్లల కోసం వేసే క్రిస్మస్ ఆటకి తొలి ప్రదర్శన ఆ మధ్యాహ్నమే. ఆట ముగించే రెండు పాదాల పద్యం ఈసారి దేవతది, అంటే బెరిల్‌ది. తొలి ప్రదర్శన దాకా దాన్ని ఎవరూ పైకి అనకూడదు. అంటే ఆట అచ్చిరాదని నాటకాలవాళ్ల నమ్మకం. రిహార్సల్స్‌లో అక్కడికి రాగానే ఆమె "లలల్లా" అని ఊరుకునేది. ఇంట్లో స్నానాల తొట్టిలో కూర్చుని కూడా అనలేదు, పిచ్చిది.

ఆట ముగించే మాట ఎన్నడూ ఆమె నోట పలకలేదు మరి. రంగస్థలం మీద నర్సు, పక్కింటావిడ. సినిమాల్లో తలుపు తీసి "అయ్యగారు ఇంట్లో లేరండీ" అనే మనిషి. ఒక సినిమాలో అదీ కత్తిరించేశారు, టీ పోస్తున్న చెయ్యి మాత్రం మిగిలింది. ఆ చెయ్యి చూపించడానికే తల్లిని హాలుకి తీసుకెళ్లింది.

తలుపైనా తట్టకుండా నిర్మాత డంకన్ లోపలికొచ్చాడు.

"బెరిల్ డార్లింగ్, చిన్న మార్పు. ఆఖరి పద్యం డీన్ చెబుతాడు."

డీన్ అంటే రాజు వేషగాడు. టీవీలో వంటలు చేసి పేరు తెచ్చుకున్నవాడు.

"అది దేవత దీవెన, డంకన్. రాజు దీవించడమేంటి?"

"పిల్లలకేం తెలుస్తుంది? జనం వచ్చేది అతని మొహం చూడ్డానికి. నువ్వు పక్కన నిలబడి మంత్రదండం వెలిగించు, చాలు. బంగారు తల్లివి కదూ!"

అనేసి వెళ్లిపోయాడు. అప్పుడే నడవాలోంచి డీన్ గొంతు. నోటినిండా బేకన్, ఉల్లిపాయల శాండ్‌విచ్ కుక్కుకుని అదే పద్యాన్ని గావుకేకలు పెడుతున్నాడు. బెరిల్‌కి దుస్తులు తొడిగే పెగ్గీ చెవులు మూసుకుంది.

"వీడి నోరు పడ! ఆటకి ముందే అనేశాడే! నువ్వేం అనవేంటే?"

"ఏమంటాను? అంటే వచ్చే ఏడు ఈ కంపు గది కూడా దక్కదు."

ఆట బాగానే సాగింది. చివర్లో నటులందరూ వేదిక మీది మెట్లు దిగొచ్చాక డీన్ ముందుకొచ్చి చేతులు చాచాడు. నోరు తెరిచాడు. మాట రాలేదు. హాలంతా పిల్లలు ఊపిరి బిగబట్టారు. అతను గుడ్లు తేలేసి బెరిల్ వైపు చూశాడు.

ఒక్క అడుగు ముందుకేసి తనే చెప్పేస్తే ఆపేవాడెవడు? బెరిల్ అడుగు వేసింది కూడా. కానీ ఎదుటివాడు మాట మరిచిపోతే అందించడం ఆమెకి నలభై ఏళ్ల అలవాటు. పెదవి కదిలీ కదలకుండా, వాడి చెవికి మాత్రం వినబడేలా అందించింది.

"చీకటి పోయె, చింతలు పోయె, చెడ్డవాడు చిత్తయిపోయె..."

డీన్ ఆ పాదాన్ని గొంతెత్తి చెప్పేసి, రెండోది తనే అందుకున్నాడు. "నవ్వుతు ఇంటికి వెళ్ళండి, నా దీవెన వెంట తీసుకెళ్ళండి!"

చప్పట్లతో హాలు మారుమోగింది. తెర పడగానే వాడు ఆమె భుజం మీద చెయ్యేశాడు. గుప్పుమని ఉల్లిపాయల కంపు.

"చూశావా పెద్దమ్మా, మధ్యలో ఆ నిశ్శబ్దం? కావాలనే ఆగాను. దాన్నే నటన అంటారు."

వాడి సంగతి సరే, వాడెప్పుడూ అంతే. అందించిన తన నోటి మీదే ఆమెకి రోత పుట్టింది.

గదిలోకొచ్చి మొహం కడుక్కుంది. చెవుల దగ్గర రంగు పోలేదు. అలాగే కోటు తొడుక్కుంది.

"సాయంత్రం ఆట ఉంది కదే!" అంది పెగ్గీ.

"ఆ గౌను నీకూ సరిపోతుంది. వేసుకో. దండం వెలిగించడమేగా పని."

"మళ్లీ ఎప్పుడొస్తావు?"

బెరిల్ తలుపు తీసుకుని వెనక గుమ్మం మెట్లు దిగి, తుపుక్కున ఉమ్మేసి, చలిగాలిలో బస్సు కోసం నడిచింది.

గదిలో ఎలుక పెంటికల పక్కన మంత్రదండం పడి ఉంది. ఆర్పడం మరిచిపోయిన చిన్న బల్బు దాని కొసన వెలుగుతూనే ఉంది.